నూటా పదిహేడో దుంగ

కడప డిపోలో దుంగలకు నంబర్లేసేది నా పని.
తెల్ల పెయింటు, అరంగుళం కుంచె,
పందొమ్మిదేండ్లుగా అవే పది అంకెలు.

చందనం దుంగలన్నీ ఒలిచినవే వస్తాయి.
అడవిలోనే గొడ్డలితో బెరడు చెక్కి, తెల్లచెక్క చెక్కి,
ఎర్రటి గుండెకాయ ఒక్కటే మోసుకొస్తారు.
మోసేవాడి భుజానికి తెలుసు గదా ఏది అనవసరమో.
బెరడు లంకమలలోనే పడుంటుంది, చెదలకు.

ఈ దుంగ మాత్రం సగం చొక్కాతో దొరికింది.
వాచర్ల టార్చిలైట్లు పడేసరికి
చెక్కేవాడు చెక్కేది చెక్కినట్టే వదిలి పారిపోయినాడంట.
జానెడు వెడల్పున బెరడు,
మొసలి వీపు మాదిరి పలకలు పలకలుగా.
ఒక పలకమీద బూడిదరంగు మచ్చ.
మచ్చలో నల్లగా, సన్నగా, వంకరటింకరగా
ఎవరో పుల్లతో గీకినట్టు రాత.

నేను బూజనుకున్నా.
గుడ్డతో తుడవబోతే
"అన్నా, ఆగు" అనింది షాహీన్.

యూనివర్సిటీ పిల్ల. నబీకోట నుంచి స్కూటీలో వస్తుంది,
మెడలో తాయెత్తులాగా భూతద్దం.
దుంగకు ముక్కు ఆనించి చాలాసేపు చూసి
"ఇది బతికే ఉంది" అనింది.
చచ్చిన చెట్టుమీదనా?
"చెట్టుతో దీనికి బాడుగ సంబంధమే అన్నా.
తిండి దీనిదే, నీళ్ళు వానవి.
నిజానికి ఇది ఒకటి కాదు, ఇద్దరు.
బూజు గోడ కడుతుంది, పాచి లోపల వండుతుంది.
విడదీస్తే ఇద్దరికీ దిక్కులేదు."

పేరేందని అడిగినా.
నోరు తిరగనిదొకటి చెప్పి,
తెలుగులో లేదన్నా, నువ్వే పెట్టు, అనింది.
ఇంకా పెట్టలేదు.
నాకు తొందర లేదు, దానికసలే లేదు.

చిన్న సీసా తీసి ఒక్క బొట్టు వేసింది.
మచ్చ పసుపయింది, చూస్తాండగానే ఎర్రబారింది.
"పసుపులో సున్నం కలిపినట్టుందే పాపా!"
నవ్వింది. "అట్లాంటిదే అన్నా."

తర్వాత దారంతో కొలిచింది: మూడువేళ్ళ వెడల్పు.
ఏడాదికి గోరు మందమైనా పెరగదంట.
అంటే నేను కుంచె పట్టేనాటికే
ఇది రాయడం మొదలుపెట్టి ఉంటుంది.
మధ్యలో పాత గొడ్డలిగాటు ఒకటి.
లోపల ఎరుపు తేలిందా లేదా అని
ఎవడో ఎప్పుడో కొట్టి చూసింది.
గాటు మానింది. మానినచోట కూడా రాత పాకింది,
మడత పడిన కాగితం మీద కలం దాటినట్టు.

మా కమలాపురం దిక్కు పొలాల్లో శాసనం రాళ్ళుంటాయి.
ఒకదానిమీద మా అవ్వ కొడవలి నూరేది,
అక్షరాలు లేని పక్కన.
చదవను ఊళ్ళో ఎవరికీ రాదు గానీ
కాలు తగిలితే కళ్ళకద్దుకునేవాళ్ళం.

ఆ బెరడుముక్క ఇప్పించమని షాహీన్ అర్జీ పెట్టింది.
రేంజరు సారు ఫైలు తిరగేసి
కేసు సొత్తమ్మా, గోరంత కూడా తీయకూడదు, అన్నాడు.
ఆయన తప్పేం లేదు.
పొడవు, చుట్టుకొలత, బరువు, గ్రేడు:
ఫారంలో గళ్ళే నాలుగు.

ఎండలు ముదిరినాయి.
రేకుల షెడ్డు కింద దుంగలు
మధ్యాన్నం టప్పుమని పగుల్తాయి.
సద్ది తిన్నాక బాటిల్లో మిగిలిన నీళ్ళు
అటూ ఇటూ చూసి మచ్చమీద చిలకరిస్తా.
బూడిద కిందనుంచి పచ్చదనం లేస్తుంది,
నిద్రలో ఉన్నోణ్ణి పేరుపెట్టి పిలిస్తే
"ఊఁ" అన్నట్టు.
కొంచెంసేపే. మళ్ళీ బూడిద.

రేపో మాపో వేలానికి పోతుంది.
కొన్నవాడు మొదట చేసేపని ఆ బెరడు గీకడమే.
తెలిసీ చిలకరిస్తా.

నంబరు సంగతి చెప్పనే లేదు.
ఆరోజే వేసినా, వేయక తప్పదు.
రెండు ఒకట్లు తిన్నగానే పడినాయి.
ఏడు దగ్గరికొచ్చేసరికి ఆ రాత అడ్డమొచ్చింది.
ఏడు తోక ముడుచుకొని పక్కకు ఒదిగింది.

తనిఖీకొచ్చిన సారు చూసి,
"ఏం దస్తగిరీ, నీ చెయ్యి ఎప్పుడూ ఇట్లా వంకరపోలేదే?"
ముందే రాసిపెట్టి ఉండాది సార్, అన్నా.

ఆయన దుంగ చుట్టూ ఒకసారి తిరిగినాడు.
ఇంకే నంబరూ కనపళ్ళా.